లేని లోకానికి పంచాంగం కట్టడం: మేనకోడలికి ఉత్తరం

చి. అమ్మడికి మావయ్య ఆశీస్సులు.

నీ నవల్లో రాజ్యానికి పన్నెండు నెలల పేర్లు, నెలకో అధిదేవత, నెలకో రంగు రాసి పంపావు. నెలకి సరిగ్గా 30 రోజులు, ఏడాదికి 360, ఆకాశంలో రెండు చందమామలు. పేర్లు వినడానికి బాగున్నాయి. ప్రస్తుతానికి పక్కన పెట్టు, వాటి పని చివర్లో. ముందు లెక్క తేలాలి. లెక్క కంటే ముందు, అది ఎవరికి కావలసొచ్చిందో తేలాలి.

శిస్తు వసూలు చేసేవాడికి ఒక లెక్క కావాలి, విత్తనాలు చల్లేవాడికి ఇంకొకటి, గుళ్లో ఉత్సవం చేయించేవాడికి మరొకటి. ముగ్గురికీ ఒకటే సరిపోదు. మొగలుల కాలంలో సరిగ్గా ఈ చిక్కే వచ్చింది. హిజ్రీ సంవత్సరం చంద్రుణ్ణి బట్టి నడుస్తుంది, 354 లేక 355 రోజులు. పంటేమో సూర్యుణ్ణి బట్టి పండుతుంది. ఏటా 11 రోజుల చొప్పున తేడా పేరుకుని, 33 పంటలు చేతికొచ్చేసరికి హిజ్రీలో 34 సంవత్సరాలు గడిచిపోతాయి. లెక్క ప్రకారం వసూలు చేస్తే 33 పంటల మీద 34 శిస్తులు. అందుకే అక్బరు హయాంలో పంటని పట్టుకుని నడిచే ఫసలీ సంవత్సరం పెట్టారు. నిజాం రాజ్యంలోనూ అదే నడిచింది. మన రెవెన్యూ కాగితాల్లో ఇప్పటికీ కనిపిస్తుంది: ఫసలీ 1435కి 590 కలిపితే 2025, ఆ ఏడాది జులై 1న మొదలు. మసీదులో హిజ్రీ, కచేరీలో ఫసలీ, పొలంలో కార్తెలు, పెళ్లికి తిథివారనక్షత్రాలు. ఒకే ఊళ్లో నాలుగు లెక్కలు పక్కపక్కన నడిచాయి, ఎవరి పనికి కావలసింది వాళ్లు చూసుకున్నారు. నీ రాజ్యంలో కనీసం రెండైనా ఉండాలి. గుడిది ఒకటి, పొలానిది ఒకటి. వాటి మధ్య తేడా నీకు బోలెడు కథ ఇస్తుంది, ఎలాగో ముందుముందు చెబుతాను.

ఇప్పుడు ఆకాశం సంగతి. నీకు కావలసినవి మూడే అంకెలు. రోజు ఎంతసేపు, ఏడాదికి ఎన్ని రోజులు, పౌర్ణమి నుంచి పౌర్ణమికి ఎన్ని రోజులు. రోజుని 24 గంటల దగ్గరే వదిలెయ్. దాన్ని కదిపితే ఆకలి, నిద్ర, నడకలో పట్టే పొద్దు అన్నీ మళ్లీ లెక్కలు వేసుకోవాలి, పాఠకుడికి ఒరిగేదేమీ లేదు. ఏడాదిని కూడా మరీ దూరం లాగకు. ఏడాదికి 500 రోజులు పెట్టావనుకో, పదహారేళ్ల నాయకి నిజానికి మన లెక్కలో దాదాపు 22 ఏళ్ల మనిషి. ఆమె వయసు చెప్పినప్పుడల్లా చదివేవాళ్లు మనసులో గుణించుకోవాలి, లేదా తప్పుగా ఊహించుకోవాలి. నెల కూడా అంతే. 20 రోజుల నెల పెడితే 280 రోజుల గర్భం పద్నాలుగు నెలలవుతుంది, “నవమాసాలు మోసి కన్న” అనే మాట నీ లోకంలో చెల్లదు.

నేనైతే ఏడాదికి 372.3 రోజులు, చాంద్రమాసానికి 31.4 రోజులు తీసుకుంటాను. పదహారేళ్ల పిల్ల మన లెక్కలో 16.3 ఏళ్లది, తేడా ఎవరికీ తెలీదు. 280 రోజులు 8.9 నెలలు, తొమ్మిదో నెల మాట నిలబడుతుంది. ఆ చివర దశాంశాలు చూసి విసుక్కోకు, పంచాంగానికి ప్రాణం అక్కడే ఉంది. నీ 360, 30, 12 ఒకదాన్నొకటి శేషం లేకుండా భాగించుకుంటాయి. అలాంటి లోకంలో పంచాంగం ఎప్పటికీ తప్పదు, దాన్ని సరిదిద్దడానికి ఎవరూ అక్కర్లేదు, దాని గురించి ఎవరూ పోట్లాడుకోరు. మన భూమికి ఆ అదృష్టం లేదు. ఏడాది 365.2422 రోజులు, నెల 29.53 రోజులు. పన్నెండు నెలలు 354.37 రోజులకే అయిపోతాయి, ఇంకా 10.88 రోజులు మిగులుతాయి. ఆ మిగులు సర్దడానికే అధికమాసం. 19 ఏళ్లలో 235 నెలలు ఇమడ్చాలి, అంటే ఏడు అధికమాసాలు వెయ్యాలి.

నీ అంకెలతో అదే లెక్క వేసి చూడు. పన్నెండు నెలలు 376.8 రోజులు, ఏడాదేమో 372.3. మనకి నెలలు చాలవు, నీకు నెలలు ఎక్కువ. ఏటా 4.5 రోజులు పైన పడుతున్నాయి. కాబట్టి నీ లోకంలో నెల కలపరు, తీసేస్తారు. దాన్ని లోపమాసం అందాం. ఎన్నాళ్లకోసారి? ఆరేళ్లకి 27 రోజులు పేరుకుంటాయి. ఏడో ఏడు పదకొండు నెలలకే, అంటే 345.4 రోజులకే ముగిసిపోతే 26.9 రోజులు వెనక్కొస్తాయి. ఏడేళ్లకి 83 నెలలు, 2606.2 రోజులు. సూర్యుడి లెక్కలో ఏడేళ్లు 2606.1 రోజులు. మిగిలిన పదో వంతు రోజు డెబ్భై ఏళ్లకి ఒక రోజవుతుంది, ఏడొందల ఏళ్లకి పది రోజులవుతుంది. పాత శాసనంలో ఉన్న ఋతువుకీ ఇప్పటి ఋతువుకీ పది రోజుల తేడా ఎందుకొచ్చిందని నీ పండితుడు తల పట్టుకోవచ్చు, తప్పు ఎక్కడుందో నీకు మాత్రం ముందే తెలుసు.

లోపమాసం ఎప్పుడు పడుతుందో తేల్చడానికి కొత్త సూత్రం కనిపెట్టక్కర్లేదు, మనదే వాడుకో. మన పంచాంగంలో సంక్రమణం (సూర్యుడు కొత్త రాశిలోకి అడుగుపెట్టడం) లేని చాంద్రమాసం అధికమాసం, రెండు సంక్రమణాలు పడ్డది క్షయమాసం. మనకి క్షయమాసం చాలా అరుదు, 1963-64లో ఒకటి, 1982-83లో ఒకటి వచ్చాయి. నీ లోకంలో సౌరమాసం, అంటే సంక్రమణం నుంచి సంక్రమణానికి, సగటున 31.025 రోజులు, చాంద్రమాసం అంతకంటే పొడుగు. కాబట్టి ఏ నెలలోనైనా ఒక సంక్రమణం తప్పకుండా పడుతుంది, 83 నెలలకోసారి రెండు పడతాయి. అదే లోపమాసం. అధికమాసమనే మాటే నీ జనానికి తెలియదు.

ఇప్పుడు దీన్ని కచేరీలోకి, అంగట్లోకి దింపు. నెలవారీ వడ్డీకి అప్పిచ్చినవాడికి ఆ ఏడు పదకొండు నెలల వడ్డీయే వస్తుంది. ఏడాది జీతానికి కుదిరిన పాలేరు 345 రోజులు పనిచేసి 377 రోజుల జీతం పుచ్చుకుంటాడు. షావుకారుకీ కామందుకీ ఇద్దరికీ నష్టమే. లోపమాసం ప్రకటించే అధికారం గుడి పెద్దల చేతిలో ఉంటే ఆ ఇద్దరూ ఎక్కడికి వెళ్తారో నీకు చెప్పక్కర్లేదు. ఇది నా ఊహ అనుకోకు. రోములో అధికమాసం వేసే హక్కు పురోహితుల చేతిలో ఉన్నప్పుడు పదవిలో తమవాళ్లుంటే ఏడాదిని పొడిగించడం, కానివాళ్లుంటే కుదించడం జరిగింది. ఆఖరికి లెక్క ఎంత పాడైందంటే, దాన్ని దారిలో పెట్టడానికి జూలియస్ సీజరు క్రీ.పూ. 46వ సంవత్సరాన్ని 445 రోజులకి సాగదీయాల్సి వచ్చింది. నీ గుడి పెద్దలు ఒక్క ఏడాది వాయిదా వేస్తే పేరుకున్న తేడా 31.5 రోజులవుతుంది. విత్తనాల పండుగ అసలు రోజు కంటే నెల దాటి వెనక పడుతుంది. రైతు ఊరుకుంటాడా?

ఊరుకోవడం మాట అటుంచి, వాడు గుడి లెక్క చూసి విత్తనం చల్లడు. మన రైతులూ చల్లలేదు. నెలని నమ్ముకుంటే అధికమాసం పడినప్పుడల్లా విత్తనం తప్పుతుంది, అందుకే కార్తెల్ని పట్టుకున్నారు. సూర్యుడు ఒక్కో నక్షత్రంలో ఉండే పదమూడు పద్నాలుగు రోజులు ఒక కార్తె. భరణి ఎండలకి బండలు, రోహిణి ఎండలకి రోళ్లు పగులుతాయి. ఆరుద్ర కురిస్తే ఆరు కార్తెలు కురుస్తాయి. ఇంగ్లీషు తారీఖులో రోహిణి కార్తె ఏటా మే 25 ప్రాంతాల్లోనే వస్తుంది. నీ పొలం లెక్కకి ఏడాదిని 24 కార్తెలు చెయ్యి. పన్నెండు 15 రోజులవి, పన్నెండు 16 రోజులవి, మొత్తం 372. మిగిలిన 0.3 కోసం పదేళ్లలో మూడు సార్లు ఒక రోజు కలిపితే సరి. ఆ రోజు ఎప్పుడు కలపాలో చెప్పేది గుడి కాదు, ఊరి బయట రెండు రాళ్ల మధ్య నుంచి పొద్దుపొడుపు చూసే ముసలాడో ముసలమ్మో. నెలల పేర్లకి పెట్టిన శ్రద్ధ ఈ కార్తెల సామెతల మీద పెట్టు. ఒక్కో కార్తెకి ఏ గాలి తిరుగుతుంది, ఏ పురుగు లేస్తుంది, ఏ కూర దొరుకుతుంది అని రాసుకుంటే నీ లోకం వాతావరణం మొత్తం అందులోనే వచ్చేస్తుంది.

తిథుల్లో ఒక తమాషా ఉంది, వదలకు. మన తిథి సగటున రోజు కంటే కొంచెం తక్కువ, 0.984 రోజు. అందుకే అప్పుడప్పుడూ ఒక తిథి సూర్యోదయానికి దొరక్కుండా జారిపోతుంది. నువ్వు 31.4 రోజుల్ని 30 తిథులు చేస్తే ఒక్కోటి 1.047 రోజు, రోజు కంటే పొడుగు. నీ లోకంలో తిథి పోవడం అరుదు, రెండు సూర్యోదయాలు చూడటం మామూలు. నెలకి ఒకటో రెండో తిథులు జంటగా వస్తాయి. ఏకాదశి రెండు రోజులు పడితే ఉపవాసం ఏ రోజు? రెండు రోజులూ అనే మఠం ఒకటి, రెండో రోజే అనే మఠం ఒకటి. మన దగ్గర పండుగ తేదీల గొడవలన్నీ ఇలాంటివే. వినాయక చవితికి మధ్యాహ్నం చవితి ఉండాలి, దీపావళికి సాయంకాలం అమావాస్య ఉండాలి, శివరాత్రికి అర్ధరాత్రి చతుర్దశి ఉండాలి. తిథి ఒక్కటే చెబితే చాలదు, ఏ వేళకి ఉండాలో కూడా చెప్పాలి. నీ ముఖ్యమైన పండుగలు రెండు మూడింటికి ఆ వేళ రాసుకో, చాలు. అన్నిటికీ వద్దు.

ఇప్పుడు అసలు పనిముట్టు. కథలో ఎన్ని పంచాంగాలున్నా నీ నోటు పుస్తకంలో ఒక్కటే ఉండాలి: మొదటి రోజు నుంచి వరసగా రోజుల సంఖ్య. మన సిద్ధాంతులు దీన్ని అహర్గణం అంటారు, కలి మొదటి రోజు నుంచి ఎన్ని రోజులు గడిచాయో చెప్పే లెక్క. ఖగోళ శాస్త్రజ్ఞులు క్రీ.పూ. 4713 నుంచి ఎంచే జూలియన్ డే కూడా అదే పద్ధతి. 2000 జనవరి 1 మధ్యాహ్నానికి అది 2451545. నెలలు, వారాలు, యుగాలు ఎన్ని మారినా ఈ సంఖ్య మారదు.

ఎక్సెల్‌లో రోజుకో వరస చొప్పున 2606 వరసలు వెయ్యి. మొదటి గడిలో సున్నా నుంచి రోజు సంఖ్య, సున్నా రోజు సూర్యోదయానికి అమావాస్య ముగిసిందనుకో. రెండో గడిలో ఆ సంఖ్యని 31.4తో భాగించగా మిగిలే శేషం, అది చంద్రుడి వయసు. మూడో గడిలో ఆ శేషాన్ని 31.4తో భాగించి 30తో హెచ్చవేసి, పూర్ణాంకం తీసుకుని ఒకటి కలుపు, తిథి వస్తుంది. తర్వాతి గడుల్లో కార్తె, వారం, ఎవరెక్కడున్నారు, ఏం జరిగింది.

వెయ్యో నంబరు రోజు తీసుకుందాం. 31.4తో భాగిస్తే 31 నెలలు నిండి 26.6 మిగిలింది. ముప్ఫై రెండో నెల, అంటే మూడో సంవత్సరం ఎనిమిదో నెల. 26.6కి తిథి ఇరవై ఆరోది, బహుళ ఏకాదశి. సూర్యుడి లెక్కలో రెండేళ్ల 744.6 తీసేస్తే 255.4, పదిహేడో కార్తె నడుస్తోంది. చంద్రుడు ఎప్పుడు ఉదయిస్తాడో కూడా ఇందులోనే ఉంది: 26.6ని 31.4తో భాగిస్తే 0.847, దాన్ని 24 గంటలతో గుణిస్తే సూర్యోదయం తర్వాత 20 గంటల 20 నిమిషాలు. పొద్దు ఆరింటికి పొడిస్తే చంద్రోదయం తెల్లవారుజామున రెండూ ఇరవైకి. నీ దొంగ ఆ అర్ధరాత్రి కోటగోడ ఎక్కాడంటే చిమ్మచీకటి, తిరిగొచ్చేటప్పుడు సన్నటి వెన్నెల. అది నీకు పనికొస్తే వాడుకో. నిండు వెన్నెలే కావాలంటే 989వ రోజుకి వెనక్కి జరుపు, లేదా 1020 దాకా ఆగు. వాక్యం బాగుంది కదా అని బహుళ ఏకాదశినాడు పండువెన్నెల కురిపించొద్దు.

ఎక్కువమంది తడబడేది ఇక్కడే. ఊహా లోకం కదా అని నెలవంకని అర్ధరాత్రి నడినెత్తిన పెట్టేస్తారు. ఏ లోకమైనా చంద్రుడు మెరిసేది సూర్యుడి వెలుగుతోనే. విదియ చంద్రుడు పొద్దుగూకాక పడమట కాసేపు కనిపించి దిగిపోతాడు. శుద్ధ అష్టమి చంద్రుడు సాయంత్రానికి నడినెత్తిన ఉండి అర్ధరాత్రి అస్తమిస్తాడు. పౌర్ణమి చంద్రుడు సూర్యాస్తమయానికి తూర్పున లేస్తాడు, బహుళ అష్టమి చంద్రుడు అర్ధరాత్రికి. సూర్యగ్రహణం అమావాస్యకే, చంద్రగ్రహణం పౌర్ణమికే. అవైనా ప్రతి నెలా రావు, చంద్రుడి దారి కొంచెం వాలి ఉంటుంది కాబట్టి ఏడాదిలో రెండు గ్రహణ కాలాలు వస్తాయి, సుమారు ఆర్నెల్లకోసారి. సముద్రం పక్క ఊళ్లయితే అమావాస్యకీ పౌర్ణమికీ పోటు ఎక్కువని గుర్తుంచుకో; ఓడ రేవు దాటే సన్నివేశాలు ఆ రోజుల్లో పెట్టు.

రెండో చందమామ నీకు అంత ఇష్టమైతే ఉంచు, నెలల లెక్కలోకి మాత్రం రానివ్వకు. దానికి 13 రోజుల చుట్టు ఇవ్వు. రెండూ ఆకాశంలో ఒకచోట కలిసేది ఎన్ని రోజులకి అంటే, 31.4ని 13తో గుణించి, వాటి తేడా 18.4తో భాగించు: 22.2 రోజులు. రెండూ ఒకే రాత్రి నిండుగా ఉండటం వేరే సంగతి. పన్నెండు పెద్ద నెలలు 376.8 రోజులు, ఇరవై తొమ్మిది చిన్న చుట్లు 377. అంటే ఒక ఏడు జంట పౌర్ణమి వస్తే మరుసటి ఏడూ అదే నెలలో వస్తుంది, 0.2 రోజు తేడాతో. ఐదేళ్లకి ఒక రోజు, పదేళ్లకి రెండు రోజులు పక్కకి జరిగి జంట విడిపోతుంది. జంట పౌర్ణమికి పట్టాభిషేకం చెయ్యాలనే ఆచారం పెట్టి, ఆ జంట చెదిరిపోయిన కాలంలో రాజు చచ్చిపోతే సరిపోతుంది.

వారం ఆకాశంలోంచి ఊడిపడాలని లేదు. చుట్టుపక్కల ఎన్ని ఊళ్లలో సంత జరుగుతుందో అన్ని రోజులు వారం. వ్యాపారి రోజుకో ఊరు తిరిగి మళ్లీ మొదటి ఊరికి వస్తాడు. రోములో ఎనిమిది రోజులకో సంత, జావాలో ఐదు రోజులకో సంత. జావా వాళ్లు ఆ ఐదునీ ఏడు రోజుల వారాన్నీ పక్కపక్కన నడుపుతారు, ముప్ఫై ఐదు రోజులకి ఒక జంట తిరిగొస్తుంది. గ్రహాల పేరుతోనే వారం కావాలంటే మాత్రం జాగ్రత్త. మన వారాల వరస హోరల నుంచి, అంటే గంటల నుంచి వచ్చింది. శని, గురుడు, కుజుడు, రవి, శుక్రుడు, బుధుడు, చంద్రుడు అనే వరసలో గంటకొకరు అధిపతి. శనివారం మొదటి గంట శనిది, 24 గంటలు అయ్యాక మర్నాటి మొదటి గంట రవిది, అందుకే ఆదివారం. 24ని ఏడుతో భాగిస్తే 3 మిగిలింది కాబట్టి ఈ వరస నడిచింది. నీ లోకంలో సూర్యుడు, రెండు చంద్రులు, ఐదు గ్రహాలు, మొత్తం ఎనిమిది. 24ని ఎనిమిదితో భాగిస్తే శేషం సున్నా. ప్రతిరోజూ శనివారమే! 30 హోరలు పెట్టినా ఎనిమిదిలో నాలుగు గ్రహాలకే వారం దక్కుతుంది. రోజుకి 27 హోరలు పెట్టు, అందరికీ వంతు వస్తుంది. రెండు అంకెలకీ ఒకటి తప్ప ఉమ్మడి భాజకం ఉండకూడదు, అంతే సూత్రం.

రాజు వారాన్ని మార్చాలనుకుంటే ఏమవుతుందో చరిత్రలో ఉంది. ఫ్రెంచి విప్లవకారులు 1793లో పది రోజుల వారం తెచ్చారు. ఏడు రోజులకి వచ్చే సెలవు పదో రోజుకి పోతే ఏ కూలివాడు సంతోషిస్తాడు? 1806 జనవరి 1తో వాళ్ల పంచాంగం మొత్తమే రద్దయింది. సోవియట్ రష్యాలో 1929లో ఐదు రోజుల వారం పెట్టారు, పనివాళ్లని ఐదు జట్లుగా విడదీసి తలో రోజు సెలవిచ్చారు. మొగుడికి సెలవున్న రోజు పెళ్లానికి ఉండదు. 1931లో ఆరు రోజులకి మార్చారు, 1940లో ఏడుకే తిరిగొచ్చారు. తారీఖులు మార్చడం వారం మార్చినంత కష్టం కాదు, దాని మచ్చలు మాత్రం పోవు. బ్రిటన్‌లో 1752లో సెప్టెంబరు 2 తర్వాత 14 వచ్చింది. ఆ పదకొండు రోజుల సర్దుబాటు వల్లే అక్కడ పన్ను సంవత్సరం ఇప్పటికీ ఏప్రిల్ 6న మొదలవుతుంది. నీ కథలో పాత సంస్కరణ ఏదైనా ఉంటే ఇలాంటి అర్థంకాని తేదీ ఒకటి వదిలిపెట్టు, కారణం చెప్పకు.

రోజు ఎప్పుడు మొదలవుతుందో కూడా తేల్చుకో. మనకి సూర్యోదయంతో. అందుకే రాత్రి రెండింటికి జరిగినదాన్ని “గురువారం రాత్రి, తెల్లవారితే శుక్రవారం” అంటాం. నీ పక్క రాజ్యం వాళ్లకి సూర్యాస్తమయంతో మొదలైతే అదే హత్య వాళ్ల లెక్కలో శుక్రవారం జరిగింది. సాక్షులు ఇద్దరూ నిజమే చెబుతారు, తేదీలు కలవవు.

యుగాల సంగతి క్లుప్తంగా చెబుతాను. రాజులు తమ పేరు మీద శకం పెట్టుకుంటారు, వాళ్లు పోయాక జనం పాతదానికే పోతారు. చాళుక్య విక్రమాదిత్యుడు 1076లో పెట్టిన శకం తెలంగాణ శాసనాల్లోనూ కనిపిస్తుంది, కొన్నాళ్లకి మళ్లీ శాలివాహన శకమే మిగిలింది. శాసనాల్లో తప్పకుండా చూసుకోవలసింది, గడిచిన సంవత్సరాలు రాశారా, నడుస్తున్న సంవత్సరం రాశారా అన్నది. ఒక ఏడాది తేడా అక్కడే వస్తుంది. నీ రాజుల జాబితాలో గద్దెనెక్కిన ఏడాదిని ఒకటిగా లెక్కపెడుతున్నావో లేదో పై అంచున రాసుకో. శాసనంలో అంకెలు దాచాలంటే మన భూతసంఖ్యల పద్ధతి వాడు. వేదాలు నాలుగు, బాణాలు ఐదు, గగనం సున్నా, చంద్రుడు ఒకటి. “వేద బాణ గగన చంద్ర” అంటే కుడి నుంచి ఎడమకి చదివి 1054. నీ లోకంలో చంద్రుడు అంటే రెండు అని గుర్తుంచుకో! ఎడమ నుంచి చదివిన కుర్రపండితుడు నిధిని వేరే శతాబ్దంలో వెతుకుతాడు.

నెలలతో పనిలేని గడువులు కొన్ని పెట్టు. మనకి 41 రోజుల దీక్ష, పదకొండో రోజు, పన్నెండో రోజు కర్మలు, పురిటి స్నానం ఉన్నట్టే. సహస్ర చంద్ర దర్శనం మనకి ఎనభై ఏళ్ల పదో నెల దాటాక వస్తుంది, నీ లోకంలో వెయ్యి పౌర్ణమిలు చూడటానికి 84 ఏళ్లు దాటాలి. ముసలి పాత్రకి ఆ వేడుక జరిపించావంటే వయసు విడిగా చెప్పక్కర్లేదు.

ఇక పేర్లు. పన్నెండూ కథలో కనిపించాల్సిన పనిలేదు, పాఠకుడికి నాలుగు గుర్తుంటే గొప్ప. లోపమాసం పడే నెల, విత్తనాల పండుగ నెల, కోతల నెల, ఇంకొకటి. మిగతావి పట్టికలో ఉంటే చాలు. మనుషులు మాట్లాడుకునేటప్పుడు తారీఖులు చెప్పించకు. మనం “కోతలయ్యాక వస్తా”, “పండగ ముందు సంతకి ఇచ్చేస్తా” అంటాం కదా, వాళ్లూ అలాగే అనాలి. తారీఖు పూర్తిగా చెప్పేది కరణం, పురోహితుడు, అప్పుపత్రం రాసేవాడు. “రెండు వారాల్లో” అని రాసేటప్పుడు నీ వారం ఎన్ని రోజులో ఒకసారి చూసుకో, ప్రతుల్లో ఎక్కువగా దొర్లేది ఇదే. ఆదివారం అమావాస్య, శనిపట్టు లాంటి మాటలూ జాగ్రత్తగా వెతికి తీసెయ్, అవి మన ఆకాశానివి. పుస్తకం మొదట్లో పంచాంగం మీద మూడు పేజీల వివరణ పెట్టొద్దు. అప్పు తీర్చాల్సిన నెలే లేకుండా పోయిందని ఒకడు షావుకారుతో వాదించే సన్నివేశం రాస్తే లెక్క మొత్తం దానంతటదే అర్థమవుతుంది.

ముందు ఏడేళ్ల పట్టిక వేసి పంపు, 83 నెలలూ 31, 32 రోజులు ఎలా పంచావో కనబడాలి. వరసగా అయిదు నెలలకి 31, 32, 31, 32, 31 అని తిప్పితే 157 వస్తుంది, అది 31.4కి సరిగ్గా అయిదు రెట్లు. మొదటి అధ్యాయంలో నీ రాణి గుర్రమెక్కి పారిపోయే రాత్రి ఏ నంబరు రోజో దాని పక్కన రాసి పంపు, ఆ రాత్రి వెన్నెలుందో లేదో చూసి చెబుతాను.

ఇట్లు,
మావయ్య